సూర్య బొనాలీకి రెండో మార్కు

మన వైపు సూర్య అంటే మగపిల్లాడి పేరు. రవి, భాస్కర్, ఆదిత్యల వరసలోది. ఫ్రాన్స్‌లోని నీస్ అనే ఊళ్ళో ఒక జంట ఆ పేరుని ఆడపిల్లకి పెట్టుకున్నారు. 1973 డిసెంబరు 15న పుట్టిన ఆ పాపకి మొదట ఉన్న పేరు క్లోదీన్. పాపకి ఎనిమిది నెలలప్పుడు సుజాన్, జార్జ్ బొనాలీ అనే దంపతులు దత్తత తీసుకుని సూర్య అన్నారు. పాప నల్లని పాప, పెంచుకున్నవాళ్ళు తెల్లవాళ్ళు. పక్కన నడుస్తుంటేనే నలుగురికీ తెలిసిపోయే దత్తత అది. మన ఇళ్ళల్లో లాగా పెళ్ళిదాకా దాచిపెట్టే వీలే లేదు.

సుజాన్ పిల్లలకి వ్యాయామం నేర్పే టీచరు. జార్జ్ ఆర్కిటెక్టు. అమ్మ వెంట స్కేటింగ్ రింక్‌కి వెళ్ళిన పిల్ల, నడక వచ్చిన కొత్తల్లోనే మంచు మీద నిలబడింది. అదొక్కటే కాదు, జిమ్నాస్టిక్స్ కూడా నేర్చుకుంది. అందులో టంబ్లింగ్ అని ఒక విభాగం ఉంది. పొడవాటి పట్టీ మీద పరిగెత్తుతూ వరసగా పిల్లిమొగ్గలు వెయ్యాలి. చిన్న వయసులోనే సూర్య దాంట్లో పతకాలు తెచ్చుకునేంత గట్టిది. ఈ సంగతి గుర్తుపెట్టుకోండి, చివరిదాకా దీనితో పని ఉంది.

పదేళ్ళు దాటాక పారిస్ దగ్గర దిదియే గయాగె అనే కోచ్ కంట్లో పడింది. కుటుంబమంతా నీస్ వదిలి అటు వెళ్ళిపోయారు. పిల్ల ఆట కోసం ఊరు మారిన ఇల్లు అది. పిల్లల కోచింగ్ కోసం హైదరాబాదులో అద్దె ఇల్లు తీసుకుని, భర్తని ఊళ్ళో వదిలి వచ్చిన తల్లులు మనలో ఎంతమంది లేరు? సుజాన్‌ని అర్థం చేసుకోడానికి మనకి ఫ్రెంచి రానక్కర్లేదు.

ఆ కోచ్ గారు చేసిన పని ఒకటి నాకు అస్సలు నచ్చలేదు. పిల్లకి పేరు రావాలంటే వెనక ఒక కథ ఉండాలి అనుకున్నాడు. ఈ అమ్మాయి హిందూ మహాసముద్రంలో ఉన్న రీయూనియన్ దీవిలో పుట్టిందనీ, అక్కడ సముద్రపొడ్డున దొరికిందనీ పత్రికల వాళ్ళకి చెప్పాడు. వాళ్ళు ఆనందంగా రాసేసుకున్నారు. నిజానికి కన్నతల్లిది ఆ దీవే కానీ పిల్ల పుట్టింది నీస్‌లో. తర్వాత ఆయనే అది కల్పించి చెప్పానని ఒప్పుకున్నాడు. చెప్పొద్దూ, దత్తత పిల్ల మనసులో ఎలాగూ ‘నేనెక్కడి దాన్ని’ అనే ప్రశ్న ఉండనే ఉంటుంది. దానికి ఊరూ పేరూ లేని కట్టుకథ జవాబుగా ఇచ్చి, దాన్ని పేపర్లో వేయిస్తే ఆ పిల్ల ఏమైపోవాలి?

రీయూనియన్ అనగానే మనకి గుర్తు రావలసింది ఇంకొకటి ఉంది. 1820ల చివర్లో ఫ్రెంచి వాళ్ళు ఆ దీవిలో చెరకు తోటల పనికి కూలీలని తీసుకెళ్ళింది మన యానాం నుంచే. అలా వెళ్ళిన మొదటి భారతీయుల్లో తెలుగువాళ్ళున్నారు. సూర్యకి మనతో రక్తసంబంధం ఉందని నేననడం లేదు. ఆ దీవి పేరు మాత్రం మనకి మరీ కొత్తది కాదు, అంతే.

ఇక ఆట సంగతి. ఫిగర్ స్కేటింగ్‌లో మంచు మీద సంగీతానికి తగ్గట్టు కదులుతూ, గాల్లోకి ఎగిరి మూడు చుట్లు తిరిగి, ఒంటి కాలి మీద, అదీ సన్నటి బ్లేడు అంచు మీద, వెనక్కి జారుతూ దిగాలి. ఆ రోజుల్లో మార్కులు ఆరుకి ఇచ్చేవారు. తొమ్మిది మంది జడ్జీలు, ఒక్కొక్కరూ రెండేసి మార్కులు. మొదటిది సాంకేతికం: ఎన్ని జంప్‌లు చేసింది, ఎంత కష్టమైనవి, సరిగ్గా దిగిందా. రెండోది కళ: ఎంత అందంగా, ఎంత లాలిత్యంగా చేసింది. ప్రధాన అంకమైన ఫ్రీ స్కేటింగ్‌లో ఒక జడ్జి దగ్గర ఇద్దరికీ మొత్తం సమానమైతే రెండో మార్కు ఎవరికి ఎక్కువుంటే వాళ్ళే పైన.

మొదటి మార్కు లెక్క పెట్టచ్చు. రెండో మార్కు ఎలా లెక్క పెడతారు? మన పెళ్ళిచూపులు గుర్తొస్తాయి నాకు. పిల్ల డిగ్రీ చదివింది, వంట వచ్చు, సంగీతం వచ్చు, ఎత్తూ సరిపోయింది, అన్నీ బాగున్నాయి. వీధి మలుపు తిరగ్గానే మగపిల్లాడి మేనత్త అంటుంది, ‘అన్నీ ఉన్నాయి గానీ ముఖంలో కళ లేదే’ అని. ఆ కళ ఏమిటో, ఎక్కడుంటుందో, ఏం చేస్తే వస్తుందో ఆవిడ చెప్పదు. మనం అడగకూడదు.

సూర్య 1989 నుంచి 1997 దాకా వరసగా తొమ్మిదేళ్ళు ఫ్రాన్స్ జాతీయ ఛాంపియన్. 1991లో జూనియర్ల ప్రపంచ ఛాంపియన్. అదే ఏడు సోఫియాలో యూరప్ ఛాంపియన్ అయ్యింది. ఆ కిరీటాన్ని 1995 దాకా ఐదేళ్ళు ఎవరికీ ఇవ్వలేదు. ఆడవాళ్ళు మూడు చుట్ల జంప్‌లకే తంటాలు పడుతున్న కాలంలో నాలుగు చుట్ల జంప్ ప్రయత్నించింది. నాలుగో చుట్టు పూర్తి కాలేదని లెక్కలోకి తీసుకోలేదు. పోటీలో ఆ ఘనత దక్కిన మొదటి ఆడపిల్ల జపాన్‌కి చెందిన మికీ అందో. అది 2002లో. అంటే సూర్య ప్రయత్నించాక పదేళ్ళు.

1992లో శీతాకాల ఒలింపిక్స్ ఫ్రాన్స్‌లోనే, ఆల్బెర్‌విల్‌లో జరిగాయి. ప్రారంభోత్సవంలో ఆటగాళ్ళందరి తరఫున ప్రమాణం చేయించింది ఈ 18 ఏళ్ళ పిల్ల చేతే. ఎంత గౌరవం! కానీ పోటీలకి ముందు సాధనలో, మిగతా అమ్మాయిలూ మంచు మీద ఉండగానే, ఉన్నట్టుండి వెనక్కి పిల్లిమొగ్గ వేసింది. బ్యాక్‌ఫ్లిప్ అంటారు దాన్ని. పోటీల్లో అది నిషేధం. 1976 ఒలింపిక్స్‌లో టెర్రీ కుబికా అనే అమెరికా అబ్బాయి చేశాక, ప్రమాదమని దాన్ని తీసేశారు. సాధనలోనైనా చేయొద్దని సూర్యకి గట్టిగా చెప్పారు. పక్కవాళ్ళని బెదరగొట్టడానికే చేసిందని కొందరన్నారు. నాకైతే అది కుర్రతనంలా అనిపిస్తుంది. టంబ్లింగ్‌లో పెరిగిన పిల్లకి పిల్లిమొగ్గ అంటే మనకి ముగ్గు లాంటిది, చెయ్యి ఊరుకోదు. ఆ ఒలింపిక్స్‌లో ఐదో స్థానం వచ్చింది.

ఆ తర్వాత గయాగెతో తెగిపోయింది. కోచ్ స్థానంలోకి ఎవరొచ్చారు? అమ్మ. ఇక మొదలైంది గుసగుస. తల్లి పెత్తనం ఎక్కువ, తల్లికి పెద్దస్థాయి స్కేటింగ్ తెలీదు, తల్లే పిల్లని పాడుచేస్తోంది అని. ఆవిడ మొండి మనిషే అనుకోండి. రింక్ బయటా లోపలా కూతుర్ని కంటికి రెప్పలా కాసుకునేది, అధికారులతో తగాదా పడడానికి వెనకాడేది కాదు. పై స్థాయి కోచ్ దగ్గరే ఇంకో నాలుగేళ్ళు ఉండుంటే ఆ రెండో మార్కు మెరుగయ్యేదేమో అన్న మాటలో కొంత నిజం ఉంది. అయినా కట్టుకథలు చెప్పే కోచ్ దగ్గర పిల్లని ఉంచడం కంటే తనే నేర్పుకోవాలనుకున్న తల్లిని తప్పు పట్టడానికి నాకు నోరు రావడం లేదు.

ఇక వెండి పతకాల కథ. 1993లో ప్రాగ్‌లో ప్రపంచ పోటీలు. ఉక్రెయిన్‌ నుంచి వచ్చిన 15 ఏళ్ళ ఒక్సానా బయూల్‌కి బంగారం, సూర్యకి వెండి. 1994 ఫిబ్రవరిలో లిల్లెహామర్ ఒలింపిక్స్. ఆ ఏడాది అందరి కళ్ళూ నాన్సీ కెరిగన్, టోన్యా హార్డింగ్‌ల గొడవ మీదే. బయూల్, కెరిగన్, చైనా అమ్మాయి చెన్ లూ పతకాలు తీసుకున్నారు. సూర్య నాలుగు.

ఒలింపిక్స్ అయిన నెలకి జపాన్‌లోని చిబాలో మళ్ళీ ప్రపంచ పోటీలు. బయూల్ రాలేదు, కెరిగన్ రాలేదు. ఈసారి తనదే అనుకుంది సూర్య. బాగా చేసింది కూడా. కానీ జపాన్ అమ్మాయి యూకా సాతో తన సొంత గడ్డ మీద ఎంతో హాయిగా స్కేట్ చేసింది. తొమ్మిది మంది జడ్జీల్లో ఐదుగురు సాతో వైపు, నలుగురు సూర్య వైపు. మళ్ళీ వెండి.

పతకాలిచ్చే వేదిక ఎక్కమంటే సూర్య ఎక్కలేదు. పక్కన నేల మీదే నిలబడింది. అధికారి ఒకాయన చెయ్యి పట్టి పైకి ఎక్కించాడు. మెడలో పతకం వేశారు. వేసిన వెంటనే తీసేసింది. కళ్ళ నిండా నీళ్ళు. హాలంతా గోల చేసింది. విలేకరులు చుట్టుముడితే, నాకు అదృష్టం లేదంతే అన్న అర్థం వచ్చేలా రెండు ముక్కలు మాట్లాడి ఊరుకుంది. 20 ఏళ్ళ పిల్ల.

ఆ వీడియో చూస్తే నాకు రెండు వైపులా బాధేసింది. యూకా సాతో ఏం తప్పు చేసింది? జీవితంలో ఒక్కసారి వచ్చే క్షణం, పక్కన ఒకమ్మాయి ఏడుస్తుంటే ఆ బంగారం ఏం రుచిస్తుంది? ఇంకో సంగతి. సాతోకి కోచ్‌లు ఎవరో తెలుసా? ఆమె అమ్మా నాన్నే. నోబువో సాతో, కుమికో ఒకావా, ఇద్దరూ ఒలింపిక్స్‌లో ఆడినవాళ్ళు. అక్కడ అది కుటుంబ సంప్రదాయం అనిపించుకుంది. సుజాన్ విషయంలో అదే పని పెత్తనం అయ్యింది. వాళ్ళకి పతకాలాడిన చరిత్ర ఉంది, ఈవిడ స్కూలు టీచరు, తేడా ఉందంటారా, ఉంది.

ఇంతకీ సూర్యకి అన్యాయం జరిగిందా? నేను రెండు రాత్రులు, వంటిల్లు సర్దుకున్నాక, పాత వీడియోలు పక్కపక్కన పెట్టుకుని చూశాను. నిజం చెప్పాలి. సాతో మంచు మీద జారుతుంటే చప్పుడే ఉండదు. ఒక అంచు నుంచి ఇంకో అంచుకి మారడం నీళ్ళ మీద ఆకు తిరిగినట్టుంటుంది. సూర్య స్కేటింగ్‌లో జంప్‌కీ జంప్‌కీ మధ్య ఖాళీ ఉంటుంది. వేగం పుంజుకోవడం, సిద్ధం కావడం కనిపిస్తాయి. ఎగిరిందంటే మాత్రం మిగతావాళ్ళంతా కింద ఉండిపోతారు. కాబట్టి రెండో మార్కు తగ్గడానికి కారణం బొత్తిగా లేకపోలేదు.

కానీ ఆమె గురించి వాడిన మాటలు చూడండి. మిగతావాళ్ళు సుకుమారం, లలితం, యువరాణి. ఈమె బలం, కండ, జిమ్నాస్ట్. మంచు మీద అమ్మాయి అంటే ఇలా ఉండాలి అని ఒక బొమ్మ ముందే గీసి పెట్టుకున్నారు. ఆ బొమ్మకి తెల్లటి ఒళ్ళు, సన్నటి నడుము ఉన్నాయి. ఎంత బాగా ఎగిరినా ఆ బొమ్మలో ఇమడని పిల్లకి ‘కళ లేదు’ అనే మాట ఎంత సులువుగా వస్తుందో మనకి తెలీదా? నల్లగా పుట్టిన ఆడపిల్లలున్న ఇళ్ళలో అడగండి.

ఈ ఆటకి ఆ అలవాటు పాతదే. 1902లో లండన్‌లో జరిగిన ప్రపంచ పోటీలకి మాడ్జ్ సైయర్స్ అనే ఇంగ్లండ్ ఆవిడ పేరిచ్చింది. ఆడవాళ్ళు రాకూడదని నిబంధనల్లో ఎక్కడా లేదు, రాస్తారని ఎవరికీ తోచలేదు. మగవాళ్ళందరితో పోటీపడి రెండో స్థానం తెచ్చుకుంది. వెంటనే ఏం చేశారు? ఆడవాళ్ళని రానివ్వకుండా నిబంధన రాశారు. పొడుగు గౌను వల్ల కాళ్ళు కనిపించవట, జడ్జీలకి కష్టమట! 1906లో ఆడవాళ్ళకి వేరే పోటీ పెట్టేదాకా ఆవిడ ఆగాల్సి వచ్చింది. 1908 ఒలింపిక్స్‌లో బంగారం గెలిచింది. అమెరికాలో మేబెల్ ఫెయిర్‌బ్యాంక్స్ అనే నల్లజాతి అమ్మాయిని 1930లలో రింక్‌లోకే రానివ్వలేదు. పోటీలెప్పుడూ ఆడలేకపోయిన ఆవిడ తర్వాత ఎందరికో గురువయ్యింది. 1988లో డెబీ థామస్ కంచు పతకం గెలిచేదాకా శీతాకాల ఒలింపిక్స్‌లో నల్లజాతి వాళ్ళు ఎవరికీ, ఆడా మగా, ఏ ఆటలోనూ పతకమే లేదు.

సూర్య మాత్రం తన ఓటములన్నిటినీ రంగు ఖాతాలో రాసెయ్యలేదు. అడిగినవాళ్ళకి ఆచితూచే జవాబిచ్చింది. అనుభవించిన మనిషి అంత జాగ్రత్తగా మాట్లాడుతుంటే మనం తీర్పులివ్వడం ఎందుకు అనిపిస్తుంది, అయినా నా మనసులో మాట పైన చెప్పేశాను.

1995లో బర్మింగ్‌హామ్‌లో మూడోసారి వెండి. ఈసారి బంగారం చెన్ లూకి. 1996లో యూరప్ కిరీటం రష్యా పిల్ల ఇరినా స్లుట్‌స్కాయాకి పోయింది. అదే ఏడాది మే నెలలో సాధన చేస్తుండగా మడమ వెనక ఉండే పెద్ద నరం, అకిలిస్ టెండన్ అంటారు, తెగిపోయింది. ఎగిరి దిగడమే బతుకైన మనిషికి తెగకూడనిది అదే. మళ్ళీ లేచి వచ్చింది కానీ పాత ఎత్తు రాలేదు. 1997 యూరప్ పోటీల్లో తొమ్మిదో స్థానం.

1998 ఫిబ్రవరి, జపాన్‌లోని నాగానో. సూర్యకి 24 ఏళ్ళు, మూడో ఒలింపిక్స్. పోటీలో ఉన్న తారా లిపిన్‌స్కీకి 15. మొదటి అంకం తర్వాత సూర్య ఆరో స్థానంలో ఉంది. ఫ్రీ స్కేటింగ్‌కి వచ్చేసరికి కాలు నొప్పి. అనుకున్న జంప్‌లు అనుకున్నట్టు కుదరడం లేదు. పతకం రాదని మధ్యలోనే తెలిసిపోయింది. నీలం రంగు దుస్తుల్లో ఉంది. వేగంగా వెనక్కి జారుతూ వచ్చి, ఒక్కసారి గాల్లోకి లేచింది. తల కిందకి, కాళ్ళు పైకి, కాళ్ళు రెండూ కత్తెరలా విడిపోయి, ఒంటి కాలి మీద దిగింది. ఒక్క బ్లేడు మీద. దిగి, ఆగకుండా అలాగే జారుకుంటూ ముందుకి వెళ్ళింది.

కుబికా 1976లో రెండు కాళ్ళ మీద దిగాడు. జంప్ అంటే ఒంటి కాలి మీద దిగాలి కదా, ఇది అసలు జంపే కాదు అన్నది నిషేధం వెనక చెప్పిన కారణాల్లో ఒకటి. సరే, ఇదిగో ఒంటి కాలు అన్నట్టు చేసి చూపించింది సూర్య. అప్పటికి ఒలింపిక్స్‌లో అలా దిగినవాళ్ళు ఎవరూ లేరు. నిషేధం కాబట్టి మార్కులు కోశారు. చివరికి పదో స్థానం. కార్యక్రమం ముగిశాక జడ్జీలకి వీపు పెట్టి, జనం వైపు తిరిగి నమస్కరించింది.

మా అమ్మాయి నాకు ఫోన్లో మొదట చూపించింది ఆ కొన్ని సెకన్లే. ‘అమ్మా, నిరసన అంటే ఇదీ’ అంది. నాకు అది పూర్తిగా నిరసనలా కనబడలేదు. కోపం ఉంది, కాదనను. కానీ దిగాక ఆ ముఖం చూస్తే, పొద్దున్నుంచీ అందరికీ వండి పెట్టి, చివర్లో తనకిష్టమైన కూర ఒకటి తన కోసం చేసుకున్న మనిషి ముఖంలా ఉంది. నీస్‌లో టంబ్లింగ్ పట్టీ మీద నేర్చుకున్న ఆట అది. చిన్నప్పటి నుంచీ తనది. దాన్ని ఒక్కసారైనా పెద్ద వేదిక మీద ఆడాలనుకుంది. ఆ కాలుతో ఇంకో ఒలింపిక్స్ రాదని ఆమెకి తెలుసు.

పోటీలు మానేశాక అమెరికా వెళ్ళిపోయింది. స్కేటింగ్ ప్రదర్శనల బృందంతో ఏళ్ళ తరబడి ఊరూరా తిరిగింది. అక్కడ బ్యాక్‌ఫ్లిప్ నిషేధం కాదు సరికదా, జనం టికెట్టు కొనేదే దాని కోసం. 2004లో అమెరికా పౌరసత్వం తీసుకుంది. కొన్నాళ్ళు లాస్ వేగస్‌లో, ఆ తర్వాత మిన్నెసోటాలో ఉంటూ పిల్లలకి స్కేటింగ్ నేర్పింది. వాళ్ళమ్మ చేసిన పనే.

ఇక ఆ రెండో మార్కు ఏమైందంటే, 2002 సాల్ట్ లేక్ ఒలింపిక్స్‌లో జడ్జీల మధ్య లోపాయికారీ ఒప్పందాలు జరిగాయని పెద్ద రచ్చ అయ్యింది. ఒక ఫ్రెంచి జడ్జినీ, ఫ్రాన్స్ సమాఖ్య అధ్యక్షుడినీ మూడేళ్ళు బయట పెట్టారు. ఆ అధ్యక్షుడు ఎవరనుకున్నారు? దిదియే గయాగె. సూర్యని సముద్రపొడ్డున దొరికించిన పెద్దమనిషే! ఆ రచ్చ తర్వాతే ఆరు మార్కుల పద్ధతి ఎత్తేసి, 2004లో ప్రతి జంప్‌కీ ప్రతి అడుగుకీ విడివిడిగా లెక్కగట్టే పద్ధతి తెచ్చారు. అందులోనూ కళకి మార్కులున్నాయి, పేర్లు మారాయంతే.

2024 జనవరిలో యూరప్ పోటీల్లో ఆదామ్ సియావో హిమ్ ఫా అనే ఫ్రాన్స్ అబ్బాయి, తల్లిదండ్రులది రీయూనియన్ పక్కనే ఉన్న మారిషస్, తెలిసి తెలిసి బ్యాక్‌ఫ్లిప్ వేశాడు. రెండు మార్కులు కోశారు. అయినా అతనే గెలిచాడు. ఆ జూన్‌లో అంతర్జాతీయ స్కేటింగ్ సమాఖ్య సమావేశం జరిగింది, సూర్య కొన్నాళ్ళు కాపురమున్న లాస్ వేగస్‌లోనే. ఆ పాత నిషేధం అక్కడ ఎత్తేశారు. ఇప్పుడు బ్యాక్‌ఫ్లిప్ చేస్తే మార్కులు పోవు. అలాగని జంప్‌గా లెక్కపెట్టి మార్కులు ఇవ్వరు కూడా. చేసేవాళ్ళు జనం కోసం చేసుకోవలసిందే.